ఒక గడి, రెండు ప్రశ్నలు

మనబోటి వాళ్ళను ఫారాలు కొంచెం యిబ్బంది పెడతాయి. పేరు, తండ్రి పేరు, వయస్సు, నివాసం — యింతవరకూ కలం సాఫీగానే సాగుతుంది. తరువాత 'మాతృభాష' అనే గడి వస్తుంది. అక్కడ కలం ఒక్క క్షణం ఆగుతుంది. ఏమి వ్రాయాలో తెలియక కాదు. తెలుగు అనే వ్రాస్తాం. కాని ఆ గడిలో ఒక్క మాటకే చోటు. పొద్దున్న పాలవాడితో ఒడియాలో లెక్క, ఆఫీసులో ఒడియాలో మంచీ చెడ్డా, సాయంత్రం యింటికి రాగానే తెలుగులో కాఫీ — యిదంతా ఆ గడిలో పట్టదు. మేము ఇరవై రెండేళ్ళుగా గుమాస్తా పనిలో వున్నవాళ్ళం. పరుల ఫారాలు వేలకొద్దీ చూశాం. గడి యిరుకైతే అది నింపేవాడి తప్పు కాదు. ఫారం తయారుచేసినవాడు మనిషికి యిటువంటివి ఒక్కటే వుంటాయని అనుకున్నాడు, అంతే.

మనిషికి రెండు వుండవచ్చునని, ఒకటి పెరిగితే రెండోది తరగనక్కర లేదని, ఊళ్ళూ దేశాలూ తిరిగి, లెక్కలు కట్టి చూపిన ఒక ప్రొఫెసరుగారి సంగతి యీ నెల మన పాఠకులతో చెప్పుకోవాలని మా కోరిక. ఆయన తెలుగువారు కారు, మన దేశస్థులూ కారు. కెనడావారు. పేరు జాన్ బెర్రీ. కెనడా ప్రొఫెసరుతో బరంపురం గుమాస్తాకు పనేమిటని మీరు అడగవచ్చు. మా పెద్దమ్మాయి ఎం.ఏ.లో మనస్తత్వశాస్త్రం చదువుతున్నది. దాని పుస్తకంలో నాలుగు గళ్ళ బొమ్మ ఒకటి వుంది. ఒకనాటి రాత్రి ఆ బొమ్మ మా ముందు పెట్టి, "నాన్నా, యిది మన వీధే" అంది. మాది మెట్రిక్కుతో ఆగిన చదువు. మా ఇంగ్లీషు ఆఫీసు ఇంగ్లీషు. అర్థం కానిచోట అమ్మాయిని అడిగి, అర్థమైనచోట దానితో వాదించి, మొత్తంమీద ఆయన చేసిన పనేమిటో గ్రహించాం.

బెర్రీగారు 1939లో మాంట్రియల్ నగరంలో పుట్టారు. ఆ వూరి సంగతి తెలిస్తే ఆయన చదువు ఆ దారి ఎందుకు పట్టిందో కొంత వూహించవచ్చు. అక్కడ ఫ్రెంచి మాట్లాడేవారు ఎక్కువ. ఇంగ్లీషు మాట్లాడేవారు తక్కువే అయినా, ఆ రోజుల్లో వర్తకమూ పెద్ద కొలువులూ చాలావరకు వారి చేతిలో వుండేవి. వీరు కాక ఇటలీ నుంచీ గ్రీసు నుంచీ తూర్పు ఐరోపా నుంచీ వచ్చి స్థిరపడినవారు. అంటే ఒకే వీధిలో మూడు నాలుగు రకాల వంట వాసనలు. మన బరంపురం వాళ్ళకు యిది వర్ణించి చెప్పనక్కర లేదు.

1963లో ఆ వూళ్ళోనే సర్ జార్జ్ విలియమ్స్ విశ్వవిద్యాలయంలో పట్టా తీసుకుని, స్కాట్లాండు వెళ్ళి ఎడింబరోలో 1966లో డాక్టరేటు పొందారు. ఆ డాక్టరేటు కోసం ఆయన చేసిన పరిశోధన చాలా ముచ్చటైనది. ఆఫ్రికాలో సియెరా లియోన్‌లో తెమ్నే అనే జనం వున్నారు, వరి పండించుకునేవాళ్ళు. ఉత్తరధ్రువం వైపు బాఫిన్ దీవిలో ఇన్యూట్ జనం వున్నారు. లోకం వీరిని ఎస్కిమోలనేది. వేట వీరి వృత్తి. యీ ఇద్దరికీ ఆయన కాగితం మీద ఒక గీత చూపి, కింద వున్న గీతల్లో దీనితో సమానమైనదేదో చెప్పమన్నారు. చెప్పమంటూనే, "మీవాళ్ళలో ఎక్కువమంది ఫలానా గీత అన్నారు" అని ఒక తప్పు గీత చూపించేవారు. తెమ్నేవారు చాలావరకు తమవారి మాట వైపు మొగ్గారు. ఇన్యూట్‌లు తమ కంటికి కనిపించినదే చెప్పారు.

యిందులో ఒకరు తెలివైనవారు, ఒకరు కారు అనుకుంటే పొరబాటు. వరి పండించేవాడికి పంట ఏడాదికి ఒకసారి వస్తుంది. గాదెలో దాచి, వూరందరితో సర్దుకుని, కట్టుబాటుకు లోబడి బ్రతకాలి. మంచు మీద ఒంటరిగా వేటకు పోయేవాడు పదిమంది మాట నమ్ముకుంటే కాదు. తన కన్ను తాను నమ్ముకోవాలి. ఎవరి బ్రతుకు వారికి ఆ బుద్ధి నేర్పింది. 1967లో యీ సంగతి అచ్చయింది. కాలేజీ కుర్రాళ్ళను నలుగుర్ని కూర్చోబెట్టి పరీక్షించి, 'మనిషి మనస్సు యిటువంటిది' అని తేల్చే పద్ధతి మీద ఆయనకు నమ్మకం లేదు. మనస్సును చూడాలంటే అది పెరిగిన వాకిలి కూడా చూడాలి అన్నదే ఆయన పట్టు.

అక్కడి నుంచి మూడేళ్ళు ఆస్ట్రేలియాలో సిడ్నీ విశ్వవిద్యాలయంలో పనిచేశారు. ఆ రోజుల్లో అక్కడి ఆదివాసులనూ న్యూగినీ ప్రజలనూ చూశారు. 1969లో స్వదేశం తిరిగివచ్చి కింగ్‌స్టన్‌లోని క్వీన్స్ విశ్వవిద్యాలయంలో చేరి, 1999లో విరమించేవరకు ముప్పై ఏళ్ళు అక్కడే వున్నారు.

ఆయన తిరిగివచ్చిన సమయం మంచిది. కెనడా ప్రభుత్వం 1963లో ఒక రాయల్ కమీషను వేసింది. ఇంగ్లీషువారూ ఫ్రెంచివారూ ఎట్లా కలిసి వుండాలన్నది దాని విచారణ. 1969లో రెండు భాషలూ అధికారభాషలని చట్టమైంది. 'బాగానే వుంది, మరి మేమెవరం?' అని ఉక్రెయిన్ నుంచి వచ్చినవారూ మరికొందరూ అడిగారు. పొలాలు చేసి, రైలుదారులు వేసి, మూడు తరాలుగా అక్కడే పుట్టి పెరిగిన జనం. వారి ప్రశ్నలో న్యాయం వుంది. 1971 అక్టోబరు 8వ తేదీన ప్రధాని పియెర్ ట్రూడో పార్లమెంటులో కొత్త విధానం ప్రకటించారు. దేశానికి అధికారభాషలు రెండే అయినా, అధికార సంస్కృతి అంటూ ఒకటి లేదు; ఎవరి సంస్కృతి వారు నిలుపుకోవచ్చు, ప్రభుత్వం తోడ్పడుతుంది; అయితే ఒకరితో ఒకరు కలవాలి, దేశభాష నేర్చుకోవాలి. 1988లో యిదే చట్టంగా వచ్చింది.

ప్రకటన చేయటం ప్రభుత్వం వంతు. దానివల్ల మేలా కీడా చూడటం ఎవరి వంతు? ఎవరి వేషం వారిది, ఎవరి పాట వారిది అని ప్రోత్సహిస్తే జనం విడిపోరా? యీ ప్రశ్న అక్కడా వచ్చింది. బెర్రీగారు, రుడాల్ఫ్ కాలిన్, డోనాల్డ్ టేలర్ అనే ఇద్దరు సహచరులతో కలిసి 1974లో దేశమంతటా జనాభిప్రాయం సేకరించి, 1977లో పుస్తకంగా వేశారు. అందులో తేలిన ముఖ్య విషయం ఏమిటంటే, తన స్థానం పోదనే ధైర్యం వున్నవాడు ఇతరులను ఆదరించగలడు. భయంలో వున్నవాడు ఆదరించలేడు. మాకు యీ మాట చాలా నచ్చింది. రైలుపెట్టెలో సీటు దొరికినవాడు నిలబడ్డవాడితో 'రండి, సర్దుకుందాం' అంటాడు. సీటు పోతుందేమోనని భయపడేవాడు కాళ్ళు చాపుకుని పడుకుంటాడు.

యిక ఆ నాలుగు గళ్ళ బొమ్మ. కొత్తచోట బ్రతికే మనిషిని గురించి పూర్వపు పండితులు త్రాసు లెక్క వేసేవారు. కొత్తదాని పళ్ళెం దిగితే పాతదాని పళ్ళెం లేస్తుంది. కొన్నాళ్ళకు పాతది ఖాళీ అవుతుంది. బెర్రీగారు త్రాసు తీసిపారేసి రెండు పద్దులు తెరిచారు. మాకు పద్దులంటే బాగా తెలుసు. ఒక పద్దులో జమ పడినంతమాత్రాన మరొక పద్దులో ఖర్చు పడనక్కర లేదు. ఆయన ప్రతి కుటుంబాన్నీ రెండు ప్రశ్నలు అడగమన్నారు. మొదటిది: మీ పెద్దల భాషా ఆచారాలూ నిలుపుకోవాలని మీకుందా? రెండవది: చుట్టూ వున్న జనంతో కలిసిమెలిసి వుండాలని మీకుందా? రెండింటికీ అవునంటే ఒక దారి. మొదటిదానికి కాదు, రెండవదానికి అవునంటే కరిగిపోవటం. మొదటిదానికి అవును, రెండవదానికి కాదంటే వేరుగా వుండిపోవటం. రెండూ కాదంటే — దానికి మన పెద్దలు ఎప్పుడో పేరు పెట్టారు — రెంటికీ చెడ్డ రేవడి.

మా వీధిలో నాలుగు దార్లవాళ్ళూ వున్నారు. ఎవరినీ నొప్పించకుండా చెప్పుకుందాం.

మాకు దూరపు వరుసకు పెదనాన్న ఒకాయన వున్నారు. పెద్ద ఉద్యోగం చేశారు, వూరంతా గౌరవిస్తుంది. పిల్లలకు బరువు ఎందుకని ఆయన యింట్లో కూడా ఒడియానే పెట్టారు. పిల్లలు చక్కగా పైకి వచ్చారు. ఆయన ఎంచుకున్న దారిని తప్పుపట్టే హక్కు మాకు లేదు. వారి తల్లిగారు తొంభై ఏళ్ళు బ్రతికారు. ఒడియా ధారాళంగా మాట్లాడేవారు. ఆఖరి నెలలో ఆవిడకు ఆ భాష పూర్తిగా మరుపు వచ్చింది. చిన్ననాటి తెలుగు ఒక్కటే మిగిలింది. మునిమనవలు మంచం చుట్టూ నిలబడి, తాతమ్మ ఏమంటోందో చెప్పమని మా ఆవిడను పిలిపించుకున్నారు. ఆవిడ అడుగుతున్నది, సందె దీపం పెట్టారా అని.

రెండో గడిలో మా ఎదురింటి పెద్దాయన. ఎనభై ఏళ్ళవారు. తెలుగు దుకాణం, తెలుగు పురోహితుడు, తెలుగు పంచాంగం. పద్యం ఎత్తుకుంటే వినవలసిందే. అరవై ఏళ్ళుగా యీ వూళ్ళోనే వున్నా బస్సు మీద బోర్డు చదవలేరు. పింఛను కాగితానికి, ఆస్పత్రి చీటీకి, కరెంటు బిల్లుకు మావంటివాళ్ళ కోసం అరుగు మీద కూర్చుని ఎదురుచూస్తారు. ఆయనకు లోటు లేదంటారు. ఎదురుచూడటం మాత్రం మేము చూస్తూనే వున్నాం.

మూడో గడిలో మా వీధి చివర కుర్రవాడు ఒకడు. తెలుగు మాటలు వచ్చు, చదువు రాదు. పొరుగువాళ్ళతోనూ పొత్తు లేదు. పై చదువుకు ఆంధ్రదేశం వెళితే అక్కడ వీడి యాస విని 'ఒరిస్సావాడు' అని నవ్వారట. తిరిగివస్తే యిక్కడ 'తెలుగువాడు' అన్నారు. యిక రెండువైపులా తలుపు వేసుకున్నాడు. మొన్న ఒకసారి, "బాబాయ్, నేను ఎవరితో మాట్లాడినా పరాయివాడినే" అన్నాడు. పాతికేళ్ళవాడు అనవలసిన మాట కాదు.

మిగిలినవాళ్ళం చాలావరకు నాలుగోదారి. ఇది బెర్రీగారు పుట్టకముందే యీ వూరికి తెలుసు. బరంపురంలో పెద్ద వుత్సవం బుడ్డీ ఠాకురాణీ యాత్ర. రెండేళ్ళకోసారి వస్తుంది. వూరికి వూరే కదులుతుంది. దాన్ని నడిపేది పట్టు నేసే దేరావారు. వారి పూర్వులు రాజమహేంద్రవరం వైపు నుంచి మహురి రాజుల పిలుపు మీద వచ్చారని పెద్దలు చెప్పుకుంటారు. వలస వచ్చినవారి దేవత వూరందరి తల్లి అయి కూర్చుంది. వారి మగ్గం మీది పట్టు బరంపురం పట్టుగా పేరు తెచ్చుకుంది. వాళ్ళు కరిగిపోలేదు, వేరుగానూ లేరు. మన చద్దన్నాన్ని వారు పఖాళ అంటారు. ఎండాకాలం మిట్టమధ్యాహ్నం రెండూ ఒకే చల్లదనం.

అయితే ఒక సంగతి. రెండు ప్రశ్నలకూ మేము అవునన్నంతమాత్రాన సరిపోదు. బెర్రీగారి లెక్కలో మాకు అన్నిటికంటె విలువైనదిగా తోచిన భాగం యిదే. చుట్టూ వున్న పెద్ద సమాజం కూడా అవుననాలి. వారు కరిగిపొమ్మంటే కరగాలి. దూరంగా వుండమంటే వుండాలి. తలుపు తెరిస్తేనే రెండూ నిలుపుకోవటం సాధ్యం. పైగా, మార్పు ఒక్కవైపే జరగదు. వచ్చినవాడూ మారతాడు, వున్నవాడూ మారతాడు.

మేము ఉద్యోగంలో చేరిన కొత్తలో పై అధికారి ఒకరు ఫైలు విసిరి, "మీ రాష్ట్రానికి పోరాదా?" అన్నారు. ఆయన పేరుగాని ఆఫీసు పేరుగాని యిక్కడ అనవసరం. మా తాత ముత్తాతలు యీ మట్టిలోనే కలిశారు. మేము పోవలసిన రాష్ట్రం ఏదో మాకు తెలియలేదు. అదే రోజు సాయంత్రం పక్క సీటు ఒడియా మిత్రుడు ఆ ఫైలు ఏరి తెచ్చి, ఏమీ మాట్లాడకుండా మాతో కూర్చుని పూర్తిచేశాడు. తరువాత ఇరవై ఏళ్ళుగా అతను ఉగాదికి మా యింటికి వస్తాడు. వేపపువ్వు పచ్చడి తిని ముఖం చిట్లిస్తాడు, మళ్ళీ కావాలంటాడు. రాజ పండుగకు వారింటి పొడొ పిఠా మాకు వస్తుంది. ఆ అధికారి మాట మా మనస్సులో మూడో గడి తలుపు తెరిచింది. ఆ మిత్రుడు దాన్ని మూశాడు. దీనికి మాకు ఏ పుస్తకపు సాక్ష్యమూ అక్కరలేదు.

పుస్తకపు సాక్ష్యం కూడా వుంది. 2006లో బెర్రీగారూ, జీన్ ఫినీ, డేవిడ్ సామ్, పాల్ వెడర్ అనేవారూ కలిసి ఒక పెద్ద పుస్తకం వేశారు. పదమూడు దేశాల్లో, వలస వచ్చిన కుటుంబాల పిల్లలను, పదమూడు నుంచి పద్ధెనిమిది ఏళ్ళవారిని, అయిదు వేలమందికి పైగా ప్రశ్నించారు. రెండూ నిలుపుకున్న పిల్లలే అందరికంటె ఎక్కువగా వున్నారు, మూడో వంతుకు పైబడి. మొత్తంమీద చదువులోనూ మనస్సు నెమ్మదిలోనూ వారి పరిస్థితే మేలు. ఎటూ కానివారి పరిస్థితి అధమం. తమను చిన్నచూపు చూస్తున్నారని బాధపడే పిల్లలు ఎక్కువగా ఆ గడిలోనే కనిపించారు. మా వీధి చివరి కుర్రవాడు ఆ పదమూడు దేశాల్లో ఏ దేశంవాడూ కాడు. అయినా ఆ లెక్కలో వున్నాడు.

బెర్రీగారికి మన దేశమూ కొత్త కాదు. అలహాబాదులోని దుర్గానంద్ సిన్హాగారితోనూ, కాశీలోని ఆర్.సి. మిశ్రాగారితోనూ కలిసి, ఆనాటి బీహారులోని ఆదివాసులను — ఉరాఁవ్, బిర్హోర్, అసుర్ జనాన్ని — పరిశీలించారు. ఆ పుస్తకం 1996లో వెలువడింది. వారు ఎక్కడికీ వలస పోయినవారు కారు. లోకమే వారి మీదికి వలస వచ్చింది. ఉద్యోగం విరమించిన తరువాత కూడా ఆయన వూరుకోలేదు. పదిహేడు సమాజాల్లో యిదే లెక్క సరిచూసి 2017లో మరొక సంపుటం వెలువరించారు. అందులో మన దేశం మీదా ఒక అధ్యాయం వుంది.

ఆయన గళ్ళను ఒప్పుకోని పండితులు కూడా వున్నారు. సునీల్ భాటియా, అంజలీ రామ్ అనేవారు 2001లో వ్రాస్తూ, వలస వెళ్ళిన మనిషి మనస్సు స్థిరంగా ఒక గడిలో కూర్చోదనీ, చరిత్రా అధికారమూ లెక్కలోకి తీసుకోకుండా అందరికీ ఒకే బొమ్మ చూపటం సరికాదనీ ఆక్షేపించారు. మా అమ్మాయి వాళ్ళ పక్షం. మాకూ అందులో కొంత నిజం కనిపిస్తుంది. పొద్దున్న ఆఫీసులో ఒక గడి, సాయంత్రం యింట్లో ఒక గడి, పెళ్ళి సంబంధాల దగ్గర మరొక గడి — మనలో ఎవరం దూకటం లేదు?

చరిత్ర విషయానికి వస్తే మన సంగతి మరీ విడ్డూరం. 1936 ఏప్రిల్ 1వ తేదీన ఒరిస్సా రాష్ట్రం ఏర్పడింది. అంతకుముందు రోజు దాకా బరంపురం మద్రాసు రాజధానిలో వుంది. మా మామ్మకు అప్పటికి తొమ్మిదేళ్ళు. "మేము ఎక్కడికీ వెళ్ళలేదురా, వూరే వెళ్ళింది" అనేది. ఒడియావారికీ తమ భాషకు ఒక రాష్ట్రం కావాలని ఎన్నో ఏళ్ళ తపన వుంది, అది న్యాయమే. గీత ఎక్కడ గీసినా అటు కొందరు, యిటు కొందరు మిగులుతారు. ఇచ్ఛాపురం ఆ పక్క, మేము యీ పక్క. మా ఆవిడ పుట్టిల్లు ఇచ్ఛాపురమే. రైల్లో గంట పట్టదు. అక్కడ ఒడియా కుటుంబాలు మా మాటలే మాట్లాడుకుంటాయి, తలకిందులుగా.

యీ సందర్భంలో గిడుగు రామమూర్తి పంతులుగారు తలపుకు రాక తప్పదు. పర్లాకిమిడిలో బడిపంతులుగా వుంటూ, కొండల మీది సవరల భాష నేర్చుకుని, ఆ భాషకు వ్యాకరణమూ నిఘంటువులూ కూర్చారు. సవర వ్యాకరణం 1931లో వచ్చింది. వాడుక తెలుగు కోసం పోరాడినవారూ ఆయనే. పక్కవాడి భాషను అంత గౌరవించిన మనిషికి తన భాష మీద మమకారం తగ్గలేదు. రెండు పద్దులూ నిండుగా వున్నాయి. పర్లాకిమిడి ఒరిస్సాలో చేరిన 1936లో ఆయన ఆ వూరు విడిచి రాజమహేంద్రవరం వెళ్ళిపోయారు. అటువంటి మనిషి నొచ్చుకుని వెళ్ళిపోయిన చోట మనం వుండిపోయాం. వుండిపోయినవాళ్ళకు వేరే ధైర్యం కావాలి.

వుండిపోయినవాళ్ళ కోసం చట్టమూ కొంత చేసింది. 1956లో రాజ్యాంగానికి చేసిన ఏడవ సవరణలో, అల్పసంఖ్యాక భాషల పిల్లలకు ప్రాథమిక విద్య మాతృభాషలో అందేట్టు చూడాలని ఒక అధికరణం చేర్చారు; విచారించేందుకు ఒక కమీషనరును నియమించాలని మరొక అధికరణం. కాని చట్టం బడి పెట్టగలదు గాని, పిల్లలను పంపేది మనం. ఇంగ్లీషు మీడియం బస్సు వీధిలోకి వచ్చి హారను కొడితే మాతృభాష అధికరణం ఎవరికి గుర్తుంటుంది?

చివరకు మా యింటి సంగతి. యీ పత్రిక మా యింటికి ప్రతినెలా వస్తుంది. నలుగురం వున్నాం, చదవగలిగినది ఇద్దరమే. అమ్మాయీ, పన్నెండేళ్ళ అబ్బాయీ తెలుగు మాట్లాడతారు. ఒడియా, హిందీ, ఇంగ్లీషు చదువుతారు. వాళ్ళు చదివిన బడుల్లో తెలుగు లేదు. అటక మీద మా మామ్మ ట్రంకుపెట్టె వుంది. నిండా ఉత్తరాలు, ఆవకాయ కొలతలు, అప్పుల చిట్టాలు, పోయిన పిల్లల పుట్టిన నక్షత్రాలు. మా తరువాత ఆ పెట్టె తెరిచినవాళ్ళకు అవి వట్టి గుండ్రటి గీతలు.

ఆదివారం గంటసేపు తెలుగు చదివిద్దామని మేము అన్నాం. మా ఆవిడ లెక్కల ట్యూషను సంగతి ఎత్తింది. "యిక్కడ పుట్టిన పిల్లాడికి యిక్కడ కూడు పెట్టే చదువు ముందు. మాట్లాడుతున్నాడు, చాలదా?" అంది. ఇచ్ఛాపురం ఆడపడుచు అనవలసిన మాటేనా యిది అనిపించింది గాని, ఆవిడ భయం అబద్ధం కాదు. అబ్బాయి కూడా తల్లి పక్షమే. పెద్దమ్మాయి కల్పించుకుని, "అమ్మా, ట్యూషను ఒక పద్దు, యిది ఒక పద్దు. నేనూ వాడితో కూర్చుంటాను" అంది. కెనడా ప్రొఫెసరు మా వంటింట్లో గెలిచారు. ట్యూషను శనివారానికి మారింది.

మొదటి రోజు అబ్బాయి ఒక చోట ఆగాడు. ఒడియాలో 'ఠ' అక్షరం అచ్చంగా మన సున్న. వాడు 'అందం' అన్న మాటను 'అఠదఠ' అని చదివాడు. అందరం నవ్వాం, వాడూ నవ్వాడు. తరువాత వాడే రెండు లిపుల్లోనూ ఒకే పోలిక వున్న అక్షరాలు ఏరి పట్టిక వేశాడు. మా ఒడియా మిత్రుడు ఆ పట్టిక చూసి ఒక నకలు అడిగి పట్టుకుపోయాడు. యిప్పుడు అతను మా వీధిలో తెలుగు దుకాణాల బోర్డులు కూడబలుక్కుంటున్నాడు. మార్పు రెండువైపులా జరుగుతుందన్న మాట నిజమే కాబోలు.

ఆరు నెలలైంది. అబ్బాయి వత్తుల దగ్గర తడబడుతున్నాడు. అమ్మాయి వాడికంటె ముందుంది గాని గుణింతంలో దీర్ఘాలు మింగుతుంది. పోయిన నెల సంచికలో పెళ్ళి ప్రకటనలు ఇద్దరూ కలిసి పైకి చదివి వినిపించారు. మామ్మ పెట్టె యింకా దించలేదు. చేతివ్రాత చదవాలంటే మరికొంత కాలం పడుతుంది. పాఠకుల్లో ఎవరైనా యిదే ప్రయత్నంలో వుంటే ఏ పుస్తకంతో మొదలుపెట్టారో సంపాదకులకు ఒక కార్డు ముక్క వ్రాస్తే మాకు మేలవుతుంది. ప్రస్తుతానికి మా యింట్లో యీ పత్రిక చదవగలవాళ్ళు ఇద్దరు కాదు. మూడుకు కొంచెం తక్కువ.